పత్తి చేనుకీ మగ్గానికీ మధ్య తెగిన దారం

(రైతు సంఘం మండల సభలో చేసిన ప్రసంగ పాఠం)



యూరియా గురించీ పత్తి కొనుగోలు గురించీ మాట్లాడతారనుకుంటే ఈ మగ్గాల గోల ఏంటని పొద్దున టీ కొట్టు దగ్గర ఒకరిద్దరు అడిగారు. యూరియా సంగతి భోజనాల తర్వాత ఉంది. ఇప్పుడు మాట్లాడేది కూడా పత్తి గురించే. రోజూ చేను గట్టు మీద నిలబడి చూస్తాం గదా, ఇవాళ ఒక్క పూట మగ్గం గుంటలో కూర్చుని చూద్దాం.

ముందు రెండు సంవత్సరాలు గుర్తు చేసుకుందాం. మొదటిది 1987. గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో తెల్లదోమ పడి పత్తి మాడిపోయింది. సింథటిక్ పైరిథ్రాయిడ్ మందులు కొట్టినకొద్దీ దోమ పెరిగింది గానీ తగ్గలేదు. అప్పులకు తట్టుకోలేక పత్తి రైతులు ప్రాణాలు తీసుకున్నారు. ఈ రాష్ట్రంలో రైతు ఆత్మహత్య అనే మాట పేపర్లకెక్కింది అప్పుడే. రెండోది 1991. అవే జిల్లాలు. చీరాల చుట్టుపక్కల నేతన్నలు ఆకలితో చచ్చిపోయారు. కారణం నూలు ధర. నూలు ఎగుమతులకు గేట్లు ఎత్తేసరికి చిలప నూలు ధర ఎగబాకింది, మగ్గాలు ఆగిపోయాయి.

పండించినవాడికి ధర గిట్టక పోయాడు. నాలుగేళ్లు తిరక్కుండా అదే పత్తితో తీసిన నూలు కొనలేక నేసేవాడు పోయాడు. రెండు ఊళ్ల మధ్య దూరం బస్సులో రెండు గంటలు. మరి మధ్యలో డబ్బు ఏమయింది? ఈ ప్రశ్న అప్పుడు గట్టిగా అడిగినవాళ్లు తక్కువ. రైతులం కలెక్టరాఫీసు ముందు కూర్చున్నాం, నేతన్నలు వేరే రోజు వేరే టెంటు వేసుకుని అక్కడే కూర్చున్నారు.

చిన్న లెక్క వేద్దాం, పలక బలపం అక్కర్లేదు. క్వింటా పత్తి జిన్నింగుకి వేస్తే దూది 33 కిలోల దాకా వస్తుంది, మిగతాది గింజ. తరుగు పోను నూలు 27 కిలోలు అనుకుందాం. చేనేత నూలు చీర అర కిలో తూగుతుందనుకుంటే 54 చీరలు. 2025-26కి పొడుగు పింజ పత్తికి కేంద్రం ప్రకటించిన మద్దతు ధర 8,110 రూపాయలు. ఆ ధర మనకు నిజంగా దక్కిందనే అనుకుందాం (ఎందుకు నవ్వుతున్నారో తెలుసు). 54తో భాగిస్తే చీరకి 150 రూపాయలు. గింజ విలువ తీసేస్తే ఇంకా తక్కువ. అదే చీర షోరూంలో ఎంతకి అమ్ముతున్నారో ఇంట్లో ఆడవాళ్లని అడగండి. నేసినవాడికి మజూరీ ఎంతొస్తుందో ఇక్కడ ముందు వరసలో కూర్చున్న పెద్దల్ని అడగండి. రెండూ కలిపినా ఆ ధరలో ఎంత తేలుతుందో మీరే చూసుకోండి.

మొదటినుంచీ ఇలా లేదు. మన తీరం బట్ట కోసమే దొరలు ఓడలెక్కి వచ్చారు. 1611లో ఇంగ్లీషువాళ్లు మచిలీపట్నంలో దిగారు, డచ్చివాళ్లు అంతకుముందే ఉన్నారు. నరసాపురం పక్కన మాధవాయిపాలెం అని ఉంది. అక్కడ కంపెనీ వాళ్లు కొన్న తెల్ల బట్టకి మడపోలం అని పేరు పడిపోయింది. మన ఊరి పేరు నోరు తిరక్క అలా పలికారు. ఆ తర్వాత ఇంగ్లండు మిల్లుల్లో నేసిన బట్టకీ అదే పేరు పెట్టి తెచ్చి మనకే అమ్మారు. ఊరు పోయింది, పేరు మిల్లుకి పోయింది.

ఆ కలంకారీ అద్దకమే తీసుకోండి, ఇప్పుడు పెడనలో చేస్తున్నది. దాంట్లో చేనులోంచి, పశువుల కొట్టంలోంచి రానిది ఏముంది? గుడ్డని కరక్కాయ పొడి కలిపిన గేదె పాలలో నానబెడతారు. నలుపు రంగు కోసం తుప్పు పట్టిన ఇనుమునీ బెల్లాన్నీ నీళ్లలో ఊరేస్తారు. ఎరుపుకి పటిక పట్టించి చిరువేరుతో ఉడకబెడతారు. నీలానికి నీలిమందు, అది కూడా ఒకప్పుడు మన రైతులు పండించిన పంటే. మగ్గం మీద పడుగుకి పట్టే గంజి బియ్యంతో కాచిందే. బొమ్మల సంగతీ అంతే. తెల్ల పొణికి చెట్టు లేకపోతే కొండపల్లి బొమ్మ లేదు, అంకుడు కర్ర లేకపోతే ఏటికొప్పాక బొమ్మ లేదు. హస్తకళలు అని మ్యూజియంలో అద్దాల వెనక పెట్టి చూపిస్తారు. చెట్టూ చేనూ పశువూ లేకుండా అవి ఎక్కడినుంచి వచ్చాయో ఆ అద్దం మీద రాయరు.

ఇప్పుడు కంపెనీ కాలంలో జరిగిన ఒక సంగతి చెప్పాలి. ఇది రైతులకు బాగా అర్థమవుతుంది. అంతకుముందు నేతగాడికి వ్యాపారి బయానా ఇచ్చేవాడు. ఇంకొకడు ఎక్కువ ధర ఇస్తానంటే, తీసుకున్న బయానా తిరిగి ఇచ్చేసి బేరం రద్దు చేసుకునే వీలు నేతగాడికి ఉండేది. బట్ట ఎవరికి అమ్మాలో అతని ఇష్టం. కంపెనీ రాజ్యం చేతికి వచ్చాక ముందుగా తీసేసింది ఆ వీలునే. బయానా తీసుకున్నాక బట్ట కంపెనీకే ఇవ్వాలి, వాళ్లు చెప్పిన ధరకే ఇవ్వాలి, ఇవ్వకపోతే మగ్గం దగ్గర బంట్రోతు కాపలా. మన రంగానికి వద్దాం. విత్తనం, మందు అప్పుగా ఇచ్చిన కొట్టుకే పత్తి తోలాలి, వాళ్లు చెప్పిన కాటా, వాళ్లు చెప్పిన తేమ. ఆ బంట్రోతు ఇంకా చావలేదు, పంచె మార్చుకున్నాడంతే.

తర్వాత మిల్లులొచ్చాయి. ఇక్కడ చాలామంది ఒక మాట అంటారు: యంత్రం ముందు చెయ్యి నిలవలేదు, అది కాలం తీసుకొచ్చిన మార్పు, ఎవరేం చేస్తారని. అంత తేలిగ్గా వదిలేయొద్దు. మిల్లుకి పత్తి ఎలా కావాలో ఆ తీరుగా మన చేనునే మార్చారు. అది దానంతటది జరగలేదు, పూనుకుని చేశారు.

మన నేలల్లో ఉన్నది దేశవాళీ పత్తి. గుంటూరు, కృష్ణా మెట్టల్లో ఎర్రపత్తి ఉండేది. కాకినాడ రేవు నుంచి ఎగుమతయ్యేది గనక బజారులో దాన్ని కోకనాడ పత్తి అనేవారు. రాయలసీమలో ముంగారి పత్తి, ఆదిలాబాదు వైపు గావోరాణి. వాటి పింజ పొట్టి. పింజ పొట్టిదైతే చేతితో వడకడానికి అడ్డేమీ లేదు. చెయ్యి ఏ పింజకి తగ్గట్టు ఆ పింజకి లాగుతుంది. మిల్లు కదురుకి అలా కుదరదు. అది ఒకే వేగంతో గుంజుతుంది గనక పింజ పొడుగ్గా, అన్నీ ఒకే కొలతగా ఉండాలి. అందుకని 1840లో కంపెనీ వాళ్లు అమెరికా నుంచి పది మంది పత్తి తోటలవాళ్లని తెచ్చి, మన నేలల్లో అమెరికా పత్తి వేయించాలని చూశారు. అప్పుడది పెద్దగా పారలేదు. పట్టు మాత్రం వదల్లేదు. మెల్లమెల్లగా విత్తనం మారింది, తర్వాత హైబ్రిడ్ వచ్చింది, 2002లో బీటీ వచ్చింది. స్వాతంత్ర్యం వచ్చేనాటికి దేశంలో పత్తి భూమి దాదాపు అంతా దేశవాళీదే. ఇప్పుడు వెతికి పట్టుకోవాలి.

దాంతో మనకేం పోయింది? దేశవాళీ మొక్క వేరు లోతుకి పోతుంది, బెట్టకి తట్టుకుంటుంది. రసం పీల్చే పురుగుని చాలావరకు ఓర్చుకుంటుంది. కందిలోనో జొన్నలోనో కలిపి వేసేవాళ్లు గనక పత్తి పోయినా గింజ ఇంటికొచ్చేది. విత్తనం ఇంట్లోదే. దిగుబడి తక్కువే, దాచాల్సిన పని లేదు. కానీ తక్కువ దిగుబడికి తక్కువ అప్పు. పొడుగు పింజ కోసం మనం ఎత్తుకున్న ఖర్చంతా ఎవరి యంత్రం కోసం ఎత్తుకున్నామో ఒక్కసారి ఆలోచించాలి.

ఇంకొకటి, బేలు. జిన్నింగు మిల్లులో దూదిని 170 కిలోల బేలుగా రాయిలా బిగగొడతారు. ఎందుకు? మొదట్లో ఓడలో చోటు కలిసి రావాలని. మాంచెస్టర్‌కి పోవాలి గదా. అక్కడికి పోయాక మళ్లీ ఆ బేలుని విడగొట్టి, యంత్రాలతో చావబాది దూదిగా చేయాలి. ఓడ ఎక్కే పని లేని దూదిని కూడా ఇప్పటికీ అలాగే బిగిస్తున్నాం. పత్తి పండిన చోటే దూది తీసి, బేలు కట్టకుండా అక్కడే వడికితే పింజకి ఆ దెబ్బలు తగలవు, రవాణా తగ్గుతుంది. మల్ఖా పేరుతో తెలుగు నేల మీద ఈ పని చేసి చూపించారు. చిన్న యంత్రాలు, పక్క ఊరి పత్తి, పక్క ఊరి మగ్గం. బట్ట మెత్తగా వచ్చింది, కొనేవాళ్లూ దొరికారు. ఇలాంటి పనికి పెట్టుబడి మాత్రం పెద్ద మిల్లుకి దొరికినట్టు దొరకదు.

చెయ్యి యంత్రం ముందు నిలవదనేవాళ్లు శ్రీకాకుళం జిల్లా పొందూరు వెళ్లి చూడాలి. అక్కడ కొండపత్తితో, పునాస పత్తితో ఇప్పటికీ వడుకుతున్నారు. గింజ మీది దూదిని వాలుగ చేప దవడ ఎముకతో దువ్వుతారు. ఆ చేప పళ్లు దువ్వెన కంటే సన్నం, ఇనుప దువ్వెనతో ఆ పని కాదట. దువ్వి, గింజ తీసి, ఏకి, ఏకులు చుట్టి, అప్పుడు రాట్నం. వంద కౌంటు నూలు చేత్తో తీస్తారు. ఆ పనంతా ఆడవాళ్లదే. 1921లో గాంధీ గారు ఈ నూలు సంగతి విని తన కొడుకు దేవదాస్‌ని పంపించి చూసి రమ్మన్నారు. 1949 నుంచి అక్కడ ఖాదీ కార్మికుల సంఘం నడుస్తోంది. ఇంత పేరున్న చోట ఇప్పుడు కష్టం ఏంటంటే ఆ పత్తి వేసే రైతు తగ్గిపోతున్నాడు. వడికే చెయ్యి ఉంది, నేసే మగ్గం ఉంది, కొనేవాడూ ఉన్నాడు, పత్తి లేదు! ఒక సంచి కొండపత్తి పండించిన రైతుకి గిట్టుబాటు ధర ఇప్పించలేక ఆ పనితనం ఆగిపోతే, దానికి ఎన్ని అవార్డులిచ్చినా ఏం లాభం?

ఇక్కడ ఒక జాగ్రత్త. పాతకాలం అంతా బంగారం అని చెప్పడానికి మేం రాలేదు. ఊళ్లో ఆయగాళ్ల ఏర్పాటు ఉండేది, పెద్దవాళ్లకి తెలుసు. కళ్లంలో కుప్ప నూర్చాక గింజ ఇంటికి చేరకముందే వడ్రంగి మేర, కమ్మరి మేర, కుమ్మరి మేర, చాకలి మేర కొలిచి ఇచ్చేవారు. కర్రు సాన పట్టినందుకూ, గొర్రు బిగించినందుకూ రోజువారీ కూలీ లేదు, పంటలో వాటా. పంట పోతే వాళ్లకీ పోయేది, అయినా ఏరువాకకి నాగలి సిద్ధంగా ఉండేది. మంచి సంగతే. కానీ మోట బావికి తోలు బొక్కెన కుట్టిన మాదిగ కుటుంబానికి కళ్లంలో దక్కింది ఎంత, ఎక్కడ నిలబడి తీసుకున్నారు? చేనేత అనగానే పద్మశాలి, దేవాంగ అంటాం. ఊళ్లో కూలివాడు కట్టే ముతక పంచె నేసింది మాల నేతగాళ్లు. తెలంగాణలో నేతకాని అని కులం పేరే ఉంది. వాళ్ల మగ్గాలే అన్నిటికంటే ముందు ఆగిపోయాయి, వాళ్లని నేతన్నలుగా లెక్క రాసినవాళ్లే లేరు. చేతి పని గొప్పదని పొగుడుతూ ఆ చేతిని ఊరి బయట ఉంచిన చరిత్ర మనది. ఇవాళ రైతూ చేతివృత్తులవాళ్లూ కలవాలంటే ఆ పాత మేర పద్ధతిలో కలవడం కాదు, ఒకే బల్ల దగ్గర కూర్చుని ధర మాట్లాడుకోవడం.

ఇది కొత్త ఆలోచనేం కాదు. పొన్నూరు పక్కన నిడుబ్రోలు ఉంది. రైతు ఉద్యమ నాయకుడు ఎన్.జి. రంగా ఆ ఊరివారు, 1930లలో అక్కడే రైతులకు రాజకీయ పాఠశాల పెట్టారు. ఆ పాఠశాల కంటే ముందే, 1930లో ఆయన ఒక పుస్తకం అచ్చు వేశారు. వ్యవసాయం మీద అనుకుంటున్నారా? దక్షిణాదిలో చేనేత కార్మికుల బతుకుల మీద. మగ్గం లెక్కలు, అప్పులు, మజూరీలు. అదే నిడుబ్రోలులో 1915లో పుట్టిన ప్రగడ కోటయ్య చేనేత ఉద్యమానికి నాయకుడయ్యారు, చీరాల నుంచి శాసనసభకు వెళ్లారు, రాజ్యసభలో ఉన్నారు. ఒక ఊరి నుంచే రైతు నాయకుడూ నేత నాయకుడూ. రైతు నాయకుడు మగ్గం లెక్క తెలుసుకోవడం తన పని అనుకున్నారు. ఆ రోజుల్లో అది ఎవరికీ వింతగా తోచలేదు. ఇవాళ మనం ఈ విషయం ఎత్తితే టీ కొట్టు దగ్గర వింతగా చూస్తున్నారు.

ఇక ప్రభుత్వాల సంగతి గబగబా చెప్పేస్తాం, ఇదంతా మీకు పాత పాటే. చేనేతకి కొన్ని బట్టలు కేటాయిస్తూ 1985లో చట్టం చేశారు. మొదట 22 రకాలు, తర్వాత 11కి కోశారు. ఆ పదకొండు కూడా పవర్‌లూమ్ మీద నేసి చేనేత అని అమ్ముతుంటే పట్టుకునేవాళ్లు లేరు. పోచంపల్లి చిటికి అద్దకాన్ని మిల్లు బట్ట మీద అచ్చు గుద్ది ఫుట్‌పాత్ మీద పోస్తున్నారు. మిల్లులు దేశంలో అమ్మే నూలులో 40 శాతం చిలపలుగా ఇవ్వాలని ఉండేది, 2019లో 30 చేశారు. 2017లో జీఎస్టీ వచ్చాక చేనేత బట్ట మీద కూడా 5 శాతం పన్ను పడింది. 2015 నుంచి ఆగస్టు 7న జాతీయ చేనేత దినం జరుపుతున్నారు. 2020లో అఖిల భారత చేనేత బోర్డుని రద్దు చేశారు. రోజు ఇచ్చి బోర్డు తీసుకున్నారు. 2009-10 లెక్కలో దేశంలో చేనేత పనివాళ్లు 43 లక్షల పైన, 2019-20 లెక్కకి 35 లక్షలు. అందులో నూటికి డెబ్బై మందికి పైగా ఆడవాళ్లే. పత్తి తీసేదీ ఆడవాళ్లే, కండె చుట్టేదీ ఆడవాళ్లే, పాస్ పుస్తకం మీదా సంఘం రికార్డులోనూ పేరు మాత్రం మగవాళ్లది.

2025 ఆగస్టులో విదేశీ పత్తి మీద ఉన్న 11 శాతం దిగుమతి సుంకాన్ని ఎత్తేశారు. ముందు సెప్టెంబరు ఆఖరు దాకా అన్నారు, తర్వాత డిసెంబరు ఆఖరు దాకా పొడిగించారు. సరిగ్గా మన పత్తి బజారుకొచ్చే నెలలు. నూలు చవకయితే చేనేతకీ మంచిదే గదా అని కొందరు నేత మిత్రులు అనుకుంటే తప్పు పట్టలేం. కానీ పత్తి ధర పడినప్పుడల్లా చిలప ధర అంత మేరా పడిందా? ఆ పెద్దలు తల అడ్డంగా ఊపుతున్నారు, చూడండి. పత్తి దిగితే మనకి దెబ్బ, నూలు ఎగిరితే వాళ్లకి దెబ్బ. మధ్యలో ఉన్నవాడికి దిగినా ఎగిరినా పండగే. అందుకే మద్దతు ధర అడిగే దరఖాస్తులోనే చిలప నూలు ధర గురించి కూడా అడగాలంటున్నాం. ఒకటి అడిగి రెండోది వదిలేస్తే మనల్ని ఒకరి మీదికి ఒకర్ని ఉసిగొల్పడం వాళ్లకి చాలా తేలిక.

తీర్మానంలో ఏముందో చదివి ముగిస్తాం. పత్తి యార్డులో దేశవాళీ పత్తికి విడిగా కాటా, విడిగా ధర కావాలి. పొట్టి పింజ అని చెత్త కింద లెక్కగట్టొద్దు. సహకార రంగంలో చిన్న జిన్నింగు, బేలు కట్టకుండా వడికే యూనిట్ ఒక్కటైనా ఈ డివిజన్‌లో పెట్టాలి. చిలప నూలు వాటాని మళ్లీ 40 శాతం చేయాలి. చేనేత మీద జీఎస్టీ తీసేయాలి. ఇవి ప్రభుత్వాన్ని అడిగేవి.

మనం చేసుకోగలిగేవి రెండు. చేనేత సంఘం వాళ్లు ముందుకొచ్చి ఒక మాట చెప్పారు: దేశవాళీ పత్తి ఎవరైనా వేస్తే వడికించే చోటు వాళ్లు చూస్తారు, ధర విత్తనం వేయకముందే కూర్చుని రాసుకుందాం అని. ఎకరమో అరెకరమో, కందిలో సాళ్లుగా వేయడానికి ఒప్పుకునేవాళ్లు పేర్లు ఇవ్వండి. మొత్తం చేను మార్చమని ఎవరినీ అడగడం లేదు. విత్తనం గురించి లాం పరిశోధన కేంద్రాన్ని అడగాలని కమిటీ అనుకుంది.

రెండోది కండువా. బజారులో దొరికే ఆకుపచ్చ కండువా పాలిస్టర్‌ది, చెమట పీల్చదు, మెడ కోస్తుంది. చట్టం చేనేతకి కేటాయించిన పదకొండులో తువ్వాలు, కండువా ఉన్నాయి. వచ్చే మహాసభకి కండువాలన్నీ ఇక్కడి మగ్గం మీద నేసినవే ఉండాలని కమిటీ నిర్ణయం. సంఘం పెద్దలు నమూనా తెచ్చారు, వెనక బల్ల మీద ఉంది, చేత్తో పట్టుకుని చూడండి. రంగు ఉతుకుతే దిగదని చెప్తున్నారు. గ్రామ కమిటీలవారీగా ఎన్ని కావాలో ఇవాళ సాయంత్రంలోగా రాయించి, సగం డబ్బు ముందే కట్టాలి. నూలు వాళ్లు నగదుకే కొనాలి గనక అరువు లేదు. భోజనాలు సిద్ధమైనట్టున్నాయి, తీర్మానం మీద చేతులు ఎత్తాక వెళ్దాం.